డైరెక్టర్ మేడం వచ్చిన సందు

ఆ రోజు నవనీత వేసుకున్న ప్లాను చాలా చిన్నది. ఉదయం ఏడింటికల్లా అశోక్‌నగర్ చేరాలి, సందు నిద్ర లేవకముందే భూదేవి ఆంటీకి ఒక నిజం చెప్పాలి, వచ్చేయాలి. అశోక్‌నగర్‌లో సందులు నిద్రపోతాయని ఎవరు చెప్పారో ఏమో! గ్రూప్స్‌కు చదివే పిల్లలు ఐదింటికే టీ బండి దగ్గర చేరి రాజ్యాంగం మీద కొట్టుకుంటుంటారు అక్కడ.

ఇంతకీ నిజం ఏమిటంటే, నవనీత భూదేవి మేడ మీది గదిలో నాలుగేళ్లు అద్దెకుండి ఉద్యోగానికి చదివింది. ఫలితాలొచ్చిన రోజు "జాబొచ్చింది ఆంటీ" అని పచ్చి అబద్ధం చెప్పి, మర్నాడే బ్యాగు సర్దుకుని వెళ్లిపోయింది. పాపం, భూదేవి ముందురోజు సాయంత్రమే సందంతా లడ్డూలు పంచేసింది. ఇది జరిగి తొమ్మిదేళ్లు. నవనీత డాక్యుమెంటరీలు తీస్తూ బతికింది గానీ, సిగ్గుతో ఆ సందు తొక్కలేదు. ఇప్పుడు, తాను ఇదివరకు ఉన్న చోట్ల మీదే సినిమా తీస్తోంది, మొదటిసారి తానే కెమెరా ముందుకొచ్చింది. ఆంటీకి నిజం చెప్పకపోతే సినిమా కూడా అబద్ధమే అవుతుంది. చెబితే ఆంటీ మొహం ఎలా చూడాలి?

కెమెరా పట్టిన ఫణికిరణ్ మంచివాడే. నోరే కాస్త పెద్దది.

"అన్నా, జర పక్కకు జరుగుండ్రి! డైరెక్టర్ మేడం నడుస్తున్నరు!"

అయిపోయింది. వేరే పేటలో డైరెక్టర్ అంటే సినిమా. అశోక్‌నగర్‌లో డైరెక్టర్ అంటే పోస్టు.

"ఏ డిపార్ట్‌మెంటన్నా?" అన్నాడు నాగేందర్, టీ గ్లాసు దించి. ఆ సందులో అతనే అందరికంటే సీనియర్, అంటే అందరికంటే ఎక్కువసార్లు పరీక్ష రాసినవాడు.

"డాక్యుమెంటరీ," అన్నాడు ఫణికిరణ్.

"డాక్యుమెంట్లంటే రిజిస్ట్రేషన్ల శాఖనే కదరా!" అన్నాడు నాగేందర్ పక్కవాళ్లతో.

రెండు నిమిషాల్లో ఇరవై మంది చుట్టేశారు.

"మేడం, పరీక్ష ఒక్క నెల వాయిదా ఏపియ్యుండ్రి!"

"వద్దు మేడం! నా పెండ్లి ఆగింది పరీక్ష కోసం!"

"అయ్యో, నేను ఆఫీసర్ని కాదు!" అంది నవనీత.

"పెద్దోళ్లు గిట్లనే అంటరు. ఏం సింప్లిసిటీ!" అని నాగేందర్ చప్పట్లు కొట్టాడు. అంతటితో ఊరుకున్నాడా? చిక్కడపల్లికి బండి మీద ఉరికి పూలదండ తెచ్చి, ఆమె వద్దంటున్నా మెడలో వేశాడు.

ఆ గోలకు భూదేవి గేటు తీసింది. ఎదురుగా నవనీత, ఆమె మెడలో దండ, వెనుక జనం.

"వచ్చినవా బిడ్డా!" అంటూ రెండు చేతులూ చాచింది. "సూసిండ్రా? మా మీది రూంల ఉన్న పిల్ల!"

ఇక నవనీత వల్ల కాలేదు.

"ఆంటీ, నాకు జాబ్ రాలే. ఆ రోజు అబద్ధం చెప్పిన. నన్ను మాఫ్ చెయ్యి."

నాగేందర్ దండ వంక చూశాడు.

"నాకెర్కనే బిడ్డా," అంది భూదేవి. "నెట్ సెంటర్‌కు పోయి లిస్టు తీపిచ్చుకొచ్చి, నీ హాల్‌టికెట్ నంబరు మూడుమార్లు ఎతికిన. లేదు."

"మరి లడ్డూలు?"

"లిస్టు సూసినంకనే పంచిన. నాలుగేండ్లు చదివిన పిల్ల తల దించుకొని పోవద్దని. తొమ్మిదేండ్లు మొఖం సూపియ్యకపోతివి, గదే నా కోపం."

నవనీత ఆమె భుజం మీద పడి చిన్నపిల్లలా ఏడ్చేసింది. భూదేవి వీపు నిమురుతూ అంది: "ఊకో. జాబ్ వచ్చినోళ్లు ఒక్కరు మళ్ల రాలే. రానిదానివి నువ్వొచ్చినవ్."

పెండ్లి ఆగిన కుర్రాడు ముక్కు చీదుకున్నాడు. నాగేందర్ కూడా కళ్లు తుడుచుకుని, మెల్లగా దగ్గరికొచ్చాడు.

"అదంతా సరే గని మేడం, వాయిదా సంగతి పైన జర చెప్తరు కదా?"