కొత్త డిస్కుకు పెద్దపీట

పొద్దున్నే స్నానం చేసి, కొత్త డిస్కుకు పసుపూ కుంకుమా పెట్టి, కుళ్లాయప్ప కంప్యూటర్ ముందు కూర్చున్నాడు. పదేళ్లుగా ధర్మవరం చీరలకు తాను గీసిన డిజైన్లన్నీ ఒక పాత డిస్కులో ఉన్నాయి. అది ఈమధ్య మూలుగుతోంది. అందులోని సరుకంతా కొత్తదానిలోకి ఉన్నదున్నట్టు దించే సాఫ్ట్‌వేర్ ఒకటి సంపాదించాడు. మధ్యాహ్నం హిందూపురం నుంచి చీరల వ్యాపారి నవాజ్ సేట్ వస్తున్నాడు. చిలకల పల్లు డిజైను చూపిస్తే పెళ్లి చీరల ఆర్డరు తమది, లేకుంటే పక్క వీధివాడిది.

"మా అన్న పెనుకొండలో బస్సెక్కినాడంట. ఆయప్పకు ఇవన్నీ తెలుసు. వచ్చేదాకా ఆగయ్యా," అంది భార్య పద్మజ మగ్గం మీదనుంచే.

"నా కంప్యూటర్ ముట్టేదానికి పెనుకొండ నుంచి మనిషి రావాల్నా? నేనే చేస్తా!"

సాఫ్ట్‌వేర్ పైనొక గడి, కిందొక గడి చూపించి, ఏ డిస్కు ఎక్కడని అడిగింది. ఆ ఇంట్లో కొత్త కోడలైనా, కొత్త కుండైనా మొదటి మర్యాద దానికే. కుళ్లాయప్ప కొత్త డిస్కును పైన కూర్చోబెట్టాడు. పైదాన్ని కిందదానిలోకి దించుతాను, కిందదంతా చెరిగిపోతుంది, సరేనా అని అది హెచ్చరించింది.

"నాకే చెప్తాండావా?" అని నొక్కేశాడు.

పని విజయవంతమైందని తెర పచ్చగా వెలిగింది. తెరిచి చూస్తే రెండు డిస్కులూ ఖాళీ.

అయినా మీసం దించలేదు. పైది కిందికి, కిందది పైకి మార్చి మళ్లీ నడిపించాడు. శుభ్రంగా ఉంటుందని 'దించాక పైదాన్ని పూర్తిగా తుడిచెయ్యి' అన్న గడి కూడా నొక్కాడు. అప్పుడే వచ్చిన పద్మజ అన్న బాలప్ప తల పట్టుకున్నాడు.

"ఒకసారితో ఆపింటే పాతదాంట్లోంచి కొంతన్నా వెనక్కి తీసేవాణ్ణి కదా బావా! మళ్లీ ఎందుకు నొక్కితివి?"

"నేను వెనక్కి తగ్గే మనిషినా?"

అంతలో నవాజ్ ఆటో దిగాడు. కుళ్లాయప్ప ఛాతీ విరిచి కంప్యూటర్‌కు అడ్డం నిలబడ్డాడు.

"ఈసారి డిజైను చూపించేది లేదు సేట్. నమ్మి ఆర్డరియ్యి!"

"చూడకుండా పెళ్లోళ్లకు ఏం చెప్పాలన్నా? నేను పక్క వీధికి పోతా," అని నవాజ్ చెప్పుల్లో కాళ్లు పెట్టాడు. కుళ్లాయప్పకు నిజంగానే ఏడుపొచ్చింది.

పద్మజ లేచి ట్రంకుపెట్టె ఈడ్చుకొచ్చి తాళం తీసింది. ప్రతి డిజైనుకూ ముందుగా నేసి చూసే జానెడు ముక్కను ఆమె దాచుకుంటుంది. కంప్యూటర్లో ఉండగా ఈ పేలికలెందుకని మొగుడు ఎంత అరిచినా వినలేదు.

"పారేయమంటివి. పారేయనంటి. ఇప్పుడేమంటావు?" అంటూ చిలకల ముక్క పరిచింది.

నవాజ్ వేలితో తడిమి చూశాడు. "ఇదే కావాలక్కా. జరీ మెరుపు తెర మీద యాడ తెలుస్తాది?"

ఆర్డరు ఖాయమైంది. సాయంత్రం కుళ్లాయప్ప ఆ ముక్కను చూస్తూ, పోగు పోగూ లెక్కపెట్టి మళ్లీ గీయడం మొదలుపెట్టాడు. పెట్టెకు ఇంకో తాళంచెవి చేయిద్దామా అని మెల్లగా అడిగాడు. పద్మజ ఉన్నదాన్ని కొంగున ముడేసుకుంది.

"ఒకటి చాల్లే, నువ్వు ముట్టకుంటే."