ఇరుపక్షాల గుమాస్తా

ఆ ఉదయం పెద్ద గుమాస్తాగారు పెట్టుకున్న పనులు రెండే: కాఫీ తాగడం, కూరలు తేవడం. తన లాయరు పంపిన నోటీసు పాత ఆఫీసుకు చేరింది కాబట్టి, రావలసిన గ్రాట్యుటీ ఇక నడుచుకుంటూ ఇంటికొస్తుందని ఆయన ధీమా. రిటైరై ఏడాది దాటినా పైసా రాలేదు. ఆ డబ్బుతో బాగుచేయిస్తానన్న వంటింటి కప్పు మాత్రం కురుస్తూనే ఉంది. భార్య పొయ్యి పక్కన బకెట్టు పెట్టుకుని వంట చేస్తోంది.

అంతలో పాత ఆఫీసరు ఫోను చేశాడు.

"గురువుగారూ, కొంప మునిగింది! ఎవరో లాయరు నోటీసిచ్చాడు. జవాబు రాయడం ఇక్కడ ఒక్కడికీ చేతకావట్లేదు. ఇన్నాళ్లూ మీరే రాశారాయె!"

"అయ్యా, ఆ నోటీసు ఇప్పించింది నేనే."

"ఇంకేం మరి! సంగతంతా మీకు మళ్లీ చెప్పక్కర్లేదు. వచ్చేయండి."

పొగిడితే పడిపోవడం ఆయన బలహీనత. వెళ్లి పాత కుర్చీలో కూర్చున్నారు. టైపును నమ్మని మనిషి కాబట్టి ముత్యాల్లాంటి అక్షరాలతో మొదలుపెట్టారు. మొదటి పేరా మొహమాటంగా నడిచింది. రెండో పేరాకి పూనకం వచ్చింది. ఫిర్యాదుదారు ఆఫీసు బల్లఫ్యాను అప్పగించినట్టు ఆధారాల్లేవనీ, అంతవరకూ పైసా ఇవ్వనక్కర్లేదనీ ఏకిపారేశారు. ఆ ఫ్యానును చంకన పెట్టుకుని స్టోరుకు మోసింది తనేనన్న సంగతి, ఆఫీసరు సంతకం పెట్టాక గానీ గుర్తురాలేదు.

రెండ్రోజులకు లాయరు ఇంటికే వచ్చాడు.

"ఎవడు రాశాడోగానీ ఉతికి ఆరేశాడండీ! దీన్ని తిప్పికొట్టడం నావల్ల కాదు. కేసు వదిలేద్దాం."

గుమాస్తాగారి ఛాతీ పొంగింది. భార్య ఆ పొంగు చూసి నిజం కక్కించింది.

"కూర్చున్న కొమ్మ నరుక్కునేవాళ్ల గురించి విన్నానుగానీ, రంపానికి సానబెట్టి మరీ నరుక్కునేవాళ్లని ఇప్పుడే చూస్తున్నా! వెళ్లి ఈయనకీ మీరే రాసిపెట్టండి."

రాసిపెట్టారు. దానికి జవాబు కావాలని ఆఫీసు కబురంపింది. అదీ రాశారు. పొద్దున ఆఫీసులో తనను తాను తిట్టుకోవడం, సాయంత్రం లాయరు గదిలో ఆ తిట్లను ఖండించడం. పని జరుగుతోంది కదా అని ఎవరూ నోరెత్తలేదు. కేసు కోర్టుకెక్కింది. గుమాస్తాగారు మాత్రం ఉద్యోగంలో ఉన్నప్పటికన్నా హుషారుగా ఉన్నారు.

జడ్జిగారు కాగితాలు తిరగేసి కళ్లద్దాలు తీశారు.

"రెండు పక్షాలదీ ఒకే చేతిరాత! ఎవరిది?"

ఆఫీసరూ లాయరూ ఒకేసారి గుమాస్తాగారిని చూపించారు.

"ఇరుపక్షాలూ మీరే అయితే, రాజీకి అడ్డెవరండీ?"

గుమాస్తాగారు అలవాటు కొద్దీ, "రెండు వారాలు గడువు..." అన్నారు.

"ఇవ్వకండి బాబూ!" వెనక బెంచీలో భార్య లేచి నిలబడింది. "ఈయన గడువడిగితే మా వంటిల్లు చెరువవుతుంది!"

కోర్టంతా నవ్వింది. ఫ్యాను స్టోరుకీపరు బల్లమీదే తిరుగుతోందని ఆఫీసరు నీళ్లు నములుతూ ఒప్పుకున్నాడు. నెలలోగా వడ్డీతో సహా ఇచ్చి తీరాలని జడ్జిగారు తేల్చేశారు.

డబ్బొచ్చింది, కప్పు బాగుపడింది. తొలి వాన రోజున పొడి వంటింట్లో కూర్చుని ఆలూమగలు తృప్తిగా కాఫీ తాగుతుంటే మళ్లీ ఆఫీసరు ఫోను.

"గురువుగారూ, రిటైరైన ఇంకొకాయన నోటీసిచ్చాడు..."

భార్య వైపు చూసి గుమాస్తాగారు గొంతు సవరించుకున్నారు.

"వస్తాను. ఆయన నంబరు కూడా ఇవ్వండి, అటువైపు రాయాల్సిందీ నేనేగా."