రేగులపాలెం వంతెనలో బంగారం

"ఇకమీదట అవినీతిని మామూలు కంటితో చూడం. ఎలక్ట్రాన్ మైక్రోస్కోపుతో చూస్తాం!"

గౌరవ మంత్రివర్యులు ధనుంజయ్ గారు విజయవాడలో ప్రెస్ మీట్ పెట్టి ఈ ప్రకటన చేసినప్పుడు నేను అక్కడే ఉన్నాను. ఎందుకుండనూ, ఆయన వెనకాల కట్టిన ఫ్లెక్సీ నాదే. పటమటలో నాకు ఫ్లెక్సీల షాపుంది. మంత్రిగారు ఎక్కడుంటే నేనక్కడ, మేకులూ తాళ్లూ పట్టుకుని.

ఆ మాటకి నా ఒళ్లు పులకరించింది. మా ప్రభుత్వంలో మామూలు కంటికి కనిపించేంత అవినీతి లేదనేగా దానర్థం! ఉంటే గింటే వెంట్రుకలో వెయ్యో వంతు ఉంటుంది. దాన్ని కూడా వదలనంటున్నాడు మహానుభావుడు.

సంగతేమిటంటే, చల్లపల్లి దాటి సముద్రం వైపు వెళ్తే రేగులపాలెం అని చేపలు పట్టుకునేవాళ్ల ఊరుంది. ఊరికీ రోడ్డుకీ మధ్య పెద్ద డ్రైను, దానిమీద మంత్రిగారు కొత్తగా ప్రారంభించిన వంతెన. ఒకరోజు పోతురాజు అనే జాలరి సైకిలు వెనక చేపల పెట్టె కట్టుకుని వెళ్తుంటే వంతెన కూలిపోయింది. లారీకి కూలిందంటే అర్థముంది. సైకిలుకి కూలిందంటే ఇందులో ప్రతిపక్షాల కుట్ర ఉందని మంత్రిగారు అప్పుడే అనుమానించారు. పోతురాజుకి తొడ ఎముక విరిగింది.

మంత్రిగారు పరామర్శకి వెళ్లిన రోజున పోతురాజు పెళ్లాం కొండలమ్మ ఖాళీ గంప చంకన పెట్టుకుని కారుకి అడ్డంగా నిలబడింది.

"వంతెన ఎప్పుడు కడతారండీ బాబూ? పడవ మీద దాటి బజారుకెళ్లేసరికి ఐసంతా నీరైపోతంది. మెత్తబడ్డ చేప ఎవరు కొంటారండీ? ఈయన చూస్తే మంచాన పడ్డాడు."

"అమ్మా, శాంపిలు తీయించి ల్యాబుకి పంపిస్తున్నాం. తప్పు తేలితే కాంట్రాక్టరు సాంబమూర్తి సొంత ఖర్చుతో మళ్లీ కడతాడు. మీ ఆయన వైద్యం కూడా చేయిస్తాడు. నాదీ పూచీ."

"తప్పు తేలకపోతేనండీ?"

"తేలకపోతే వంతెన బాగున్నట్టేగా!"

ఎంత సూటి జవాబు! కొండలమ్మ నీళ్లలో పడున్న వంతెన వంక చూసింది.

శాంపిలు తియ్యడం కొంచెం కష్టమైంది. ఇంజనీరు గారు ఏ ముక్క పట్టుకున్నా చేతిలో పొడైపోతోంది. చివరికి ముక్కగా నిలబడింది ఒకటి దొరికితే, దాన్ని దూదిలో చుట్టి, ముందొక పోలీసు జీపు పెట్టి విజయవాడ తెచ్చారు.

ల్యాబు ఊరి శివార్లలోని ఓ ఇంజనీరింగ్ కాలేజీలో ఉంది. దాన్ని చూసే మేడమ్ పేరు నాగవేణి గారు. మనిషి మంచిదే గానీ ఎవరితో ఎలా మాట్లాడాలో తెలీదు. మైక్రోస్కోపు మీద నేను మంత్రిగారి ఫ్లెక్సీ కడుతుంటే, తీసెయ్యమని నన్ను కసిరింది. మంత్రిగారు వస్తున్నారని చెప్పినా వినలేదు. గోడకి కట్టుకున్నాను.

ముందు తెర మీద ఒక బండరాయి కనిపించింది. మంత్రిగారు మురిసిపోయారు.

"చూశారా, కొండలా ఉంది! ఇది కూలిందంటే ఎవరు నమ్ముతారు?"

"అది ఇసక రేణువండీ. కొన్ని వందల రెట్లు పెద్దది చేసి చూపిస్తోంది."

మంత్రిగారు పీఏ జానకిరామ్ వైపు తిరిగారు. "మన అభివృద్ధి పనులన్నీ దీంతోనే చూపించాలయ్యా!" జానకిరామ్ రాసుకున్నాడు.

తర్వాత మేడమ్ ఇంకో తెర చూపించింది. శాంపిలు మీద ఎలక్ట్రాన్లు కొడితే అందులోంచి ఎక్స్‌రేలు వస్తాయట. ఏ మూలకం ఉంటే దాని గీత పైకి లేస్తుందట. దాన్ని స్పెక్ట్రం అంటారట.

"ఇది సిలికానండీ, ఇది ఆక్సిజను. అంటే ఇసక. ఇవి సోడియం, క్లోరిన్. అంటే ఉప్పు. సముద్రపు ఇసక తెచ్చి పోశారన్నమాట. సిమెంటుంటే ఇదిగో, ఇక్కడ కాల్షియం గీత లేవాలి. లేవలేదు."

వెనక నిలబడ్డ కాంట్రాక్టరు సాంబమూర్తి గారు జేబురుమాలు తీసి మెడ తుడుచుకున్నారు. మంత్రిగారు మాత్రం ఓట్ల లెక్కింపు చూసినంత శ్రద్ధగా తెర చూస్తున్నారు.

"మరి ఈ పొడుగ్గా లేచిందేంటమ్మా?"

"బంగారమండీ."

మంత్రిగారు కుర్చీని తెర దగ్గరికి లాక్కున్నారు.

"వంతెనలోది కాదండీ," అంది మేడమ్ కంగారుగా. "కరెంటు పారని వస్తువైతే దీంట్లో బొమ్మ సరిగ్గా రాదు. అందుకని శాంపిలు మీద పల్చగా బంగారం పూస్తాం. ఇది మేం పూసిన బంగారమే."

"రాయికి బంగారం పూశారా?"

"అవునండీ. మామూలుగా అంతే చేస్తాం."

"అమ్మా, మా ఆవిడ పెళ్లైన దగ్గర్నుంచీ అడుగుతుంటేనే నేను పూయలేదు. కాలేజీవాళ్లు ఊళ్లోవాళ్ల రాయికి ఊరికే పూస్తారా? నేనూ చదువుకున్నవాణ్ణే. ఒక్క మాట చెప్పండి. బంగారం ఉందా, లేదా?"

"ఉందండీ, కానీ..."

"ఉంది! రాసుకో జానకిరామ్."

శాస్త్రాన్ని ఇంత త్వరగా ఒక కొలిక్కి తెచ్చినవాణ్ణి నేనింకొకణ్ణి చూడలేదు.

సాయంత్రానికి మళ్లీ ప్రెస్ మీట్. "పేదవాడి కాళ్ల కింద బంగారం పరిచిన ప్రభుత్వం మాది!" అన్నారు మంత్రిగారు. సాంబమూర్తి గారికి శాలువా కప్పారు. ఆయన తల వంచుకుని, "ఏదో ప్రజల కోసం... చెప్పుకోవడం నాకిష్టం ఉండదండీ," అన్నారు. అందరి కళ్లూ చెమర్చాయి.

ఒక విలేకరి మాత్రం లేచి, "సిమెంటు లేదని కూడా తేలిందటగా సార్?" అని అడిగాడు.

"బంగారం వేసినచోట సిమెంటెందుకయ్యా!"

అతగాడు అది కూడా రాసుకున్నాడు. మర్నాడు ప్రతిపక్ష నాయకుడు హేమసుందర్ గారు ఇంకో ప్రెస్ మీట్ పెట్టి, ఆ బంగారం తమ హయాంలోనే మంజూరైందని రుజువులతో సహా చెప్పారు. ఆ ఫ్లెక్సీ కూడా నేనే వేశాను. నాకు పార్టీ భేదాల్లేవు.

రేగులపాలెంలో శిథిలాల చుట్టూ ముళ్లకంచె వేశారు. పోలీసు టెంటు వేశారు. దగ్గరికి పడవ రానివ్వకూడదన్నారు. దాంతో కొండలమ్మ గంప నెత్తిన పెట్టుకుని, డ్రైను గట్టెమ్మట పై ఊరి దాకా నడిచి, అక్కడ దాటి, మళ్లీ వెనక్కి నడిచి బజారుకెళ్తోంది. కంచెకి కొబ్బరికాయ కొట్టడానికి మంత్రిగారు వస్తే మళ్లీ అడ్డుపడింది.

"వంతెన ఎప్పుడండీ?"

"ఏంటమ్మా నువ్వు, బంగారం మీద వంతెన కట్టమంటావా? ముందు బంగారం తియ్యాలి."

నాకు ఒళ్లు మండిపోయింది. దేశం ఒక దారిన పోతుంటే ఈవిడ డ్రైను దాటడం ఒక్కటే పట్టుకుని కూర్చుంది!

ఈలోగా అసెంబ్లీలో హేమసుందర్ గారు, అసలు బంగారం ఎంతుందో తేల్చమన్నారు. మంత్రిగారు వెనక్కి తగ్గే మనిషా! అదే ముక్కని పక్క రాష్ట్రంలోని ఇంకా పెద్ద ల్యాబుకి పంపారు. వాళ్లు ముక్కని బాగా తుడిచి, వాళ్ల దగ్గరున్న కొత్తరకం మైక్రోస్కోపులో పూత లేకుండానే చూశారట. ఇసక ఉంది, ఉప్పు ఉంది అన్నారు. బంగారం లేదన్నారు.

నాగవేణి మేడమ్ జానకిరామ్‌కి ఫోను చేసి, "నేను మొదట్నుంచీ అదే చెబుతున్నానుగా!" అని అరిచింది. పాపం, ఆవిడకి మైక్రోస్కోపు తెలుసు గానీ పరిపాలన తెలీదు. మంత్రిగారు రెండు రిపోర్టులూ పక్కపక్కన పెట్టుకుని అధికారులందర్నీ పిలిచారు.

"అప్పుడు ఉంది. ఇప్పుడు లేదు. అంటే ఏంటి?"

ఐఏఎస్‌లు రిపోర్టులు తిరగేశారు.

"దొంగతనం!" అన్నారు మంత్రిగారు.

పెద్ద చదువులు చదివినవాళ్లందరికీ తట్టనిది ఆయనకి తట్టింది. సాంబమూర్తి గారు వెంటనే స్టేషనుకెళ్లి, తను చెమటోడ్చి వంతెనలో వేసిన బంగారాన్ని ఎవరో కాజేశారని కంప్లయింట్ ఇచ్చారు. వంతెన మీద చివరిసారి ఉన్నదెవరు అని పోలీసులు ఆరా తీశారు. ఊరంతా ఒకే పేరు చెప్పింది.

సోదాకి నేను కూడా వెళ్లాను, ఫ్లెక్సీకి ఫోటో కావాలన్నారని. ఇన్‌స్పెక్టర్ గారి చేతిలో తుపాకీలాంటి మిషనుంది. నగల షాపుల్లో బంగారం నాణ్యం చూసేది. అదీ ఎక్స్‌రే స్పెక్ట్రమే చూస్తుందట.

"బాబూ, నేను దాంతోపాటు కింద పడ్డానండీ," అన్నాడు పోతురాజు మంచం మీద నుంచి.

"అదేగా మేమంటుంది. అంత దగ్గరగా ఇంకెవరున్నారు?"

మిషను గోడలకి పెట్టారు, గిన్నెలకి పెట్టారు, చేపల గంపకి పెట్టారు, పోతురాజు కాలి కట్టుకి కూడా పెట్టారు. ఏమీ లేదు. కొండలమ్మ మెడ దగ్గరికి రాగానే కుయ్యిమంది.

"పుస్తెలండీ!" అంది కొండలమ్మ రెండు చేతులూ అడ్డం పెట్టుకుని. "మా అమ్మ పెట్టినయ్యండీ! నా పెళ్లినాటియ్యి!"

ఇన్‌స్పెక్టర్ గారు కోప్పడలేదు. పక్కనున్న కానిస్టేబుల్‌ని అడిగారు. "మొదటి రిపోర్టులో ఏం తేలింది?"

"బంగారం సార్."

"ఇక్కడేం తేలింది?"

"బంగారం సార్."

"సరిపోయింది."

లేడీ కానిస్టేబుల్ పుస్తెలు విప్పి కవర్లో వేసి సీలు వేసింది. కొండలమ్మ ఏడవలేదు. "మరి వంతెన?" అంది. నాకు ఫోటో తియ్యబుద్ధి కాలేదు. సిగ్గుగా అనిపించింది, ఎండదెబ్బేమో మరి. నిందితుడు లేవలేడు కాబట్టి మంచానికే ఇద్దర్ని కాపలా పెట్టారు.

కొండలమ్మ లోపలికెళ్లి ఒక పసుపు కొమ్ము తెచ్చి, దారానికి కట్టి మొగుడి చేతికిచ్చింది. పోతురాజు పడుకునే, ఆమె తల దగ్గరికి లాక్కుని, మెడలో ముడి వేశాడు.

"ఆగమ్మా," అన్నారు ఇన్‌స్పెక్టర్ గారు. డ్యూటీ విషయంలో ఆయన చాలా ఖచ్చితం. దగ్గరికొచ్చి మిషను పసుపు కొమ్ముకి ఆనించి చూశారు. బంగారం లేదని రాయించి, ఉంచుకోమన్నారు.