నవ్వు నమోదు

పల్లెలు నవ్వడం లేదని ప్రభుత్వం ఎట్టకేలకు కనిపెట్టింది. అందుకని గ్రామీణ ఉల్లాస శాఖ పుట్టింది. లోకంలోకెల్లా సంతోషంగా ఉండే దేశం ఫిన్లాండ్ అని ఎవరో తేల్చారు కనుక, అక్కడ డెబ్బై ఏళ్ల కిందట తీసిన పది నిమిషాల పల్లెటూరి హాస్యచిత్రాన్ని తెప్పించి, కార్వేటినగరం చుట్టుపక్కల ఊళ్లన్నిటికీ చూపించాలని ఉత్తర్వులిచ్చారు. (నవ్వు ఐచ్ఛికం. హాజరు తప్పనిసరి.)

మునివెంకటప్పకు ఆ పూట నవ్వే ఉద్దేశం లేదు. పొలం దగ్గర ట్రాన్స్‌ఫార్మర్ కాలిపోయి నలభై రోజులైంది. మోటారు తిరగక చెరుకు ఎండుతోంది. ఊరి సచివాలయంలో అర్జీ పెడితే, సినిమాకు హాజరైతేనే ఫైలు కదులుతుందన్నారు. అందుకే వచ్చి బడి వరండాలో ముందు వరసలో కూర్చున్నాడు.

తెర మీద ఒక ఆవు చెక్కతో కట్టిన స్నానాలగదిలో దూరింది. ముగ్గురు మగవాళ్లు తాడు కట్టి లాగినా కదల్లేదు. మాటలు ఎవరికీ అర్థం కాలేదు కాబట్టి, నవ్వాల్సిన చోటల్లా ఉల్లాసాధికారి మునిప్రసాద్ ఈల ఊదాడు. (ఈలకు ముందే నవ్విన నవ్వు లెక్కలోకి రాదు.) ఆయన చేతిలోని ట్యాబు ఒక్కొక్క మొహాన్నీ ఫొటో తీసి, అందులోని ఆనందాన్ని కొలుస్తోంది.

చివరికి ఇంటావిడ పిడికెడు గడ్డి చూపించగానే ఆవు తనంతట తనే బయటికొచ్చింది. ఈల మోగింది, ఊరంతా నవ్వింది. మునివెంకటప్ప ఆవును చూడలేదు. దాని వెనక నిండుగా పారుతున్న కాలువను చూశాడు, మోకాలెత్తు పచ్చికను చూశాడు. నలుపు తెలుపు బొమ్మలో కూడా అది పచ్చగానే కనిపించింది. పాపం, పళ్లు బయటపెట్టి, భుజాలు ఎగిరెగిరి పడేలా ఏడ్చాడు.

మునిప్రసాద్ ట్యాబు చూసి మురిసిపోయాడు. "నూటికి తొంభై ఎనిమిది. జిల్లాలో ఇంతగా నవ్వినోళ్లు ఇంకొకరు లేరప్పా."

వారం తర్వాత మునివెంకటప్ప సచివాలయానికి వెళ్లాడు. అక్కడ అర్జీలు చూసే అమ్మాయి స్టెల్లా, కంప్యూటర్ వైపు చూసింది గానీ ఆయన వైపు చూడలేకపోయింది.

"నీ అర్జీ మూసేసినారు పెదనాయనా. అర్జీదారు సంతోషంగా ఉన్నారు, సమస్య లేదు అని రాసినారు. ఫొటో గూడా పెట్టినారు."

"అది ఏడుపు పాపా."

"నాకు తెలస్తా ఉండాది. దానికి తెలీదే. మళ్లీ తెరవాలంటే ఈ కెమెరా ముందర ఏడ్చి చూపించల్ల. ఒకటే తూరి చాన్సు."

మునివెంకటప్ప కెమెరా ముందు నిలబడ్డాడు. ఎండిన చెరుకును తలుచుకున్నాడు. నలభై ఏడు రోజుల్ని తలుచుకున్నాడు. ఆ వెంటే ఈల, తాడు, ఆవు, తొంభై ఎనిమిది గుర్తొచ్చాయి. కడుపులోంచి నవ్వు తన్నుకొచ్చింది. ఆపుకుందామంటే ఆగలేదు.

"ధన్యవాదములు. తమరి ఆనందం మరొకసారి ధ్రువీకరించబడినది" అంది యంత్రం.

అది పొరపాటు చేయకపోవడం అదే మొదటిసారి.