అన్ని వైపులా రెట్టింపు

“రెండు కిలోల కేకు పిండీ పోసేశాం. టిన్ను అడుగు తడిసిందంతే!”

భార్య అరుపుకు బేకరీ యజమాని చేతిలో గరిటె జారిపోయింది. తొంగిచూశాడు. నిజమే. ఆ కొత్త టిన్నులో పిండి అడుగున బిక్కుబిక్కుమంటూ ఉంది.

సాయంత్రం బడిలో లెక్కల మాస్టారి పదవీ విరమణ సభ. కేకు బాగా కుదిరితే బడి క్యాంటీన్‌కు ఇకపై బన్నులన్నీ ఇతని దగ్గరే కొనిపిస్తానని ఆయన మాటిచ్చారు. ఒకప్పుడు ఆయన తరగతిలో ఇతను కూర్చున్న దానికంటే బెంచీ ఎక్కి నిలబడిందే ఎక్కువ. అందుకే ఆర్డరిస్తూ ఆయన లెక్క చెబుతుంటే నోరెత్తలేకపోయాడు.

“కిలో కేకు ఎంతరా?”

“నాలుగొందలండీ.”

“నాకు పొడవు, వెడల్పు, ఎత్తు అన్నీ రెట్టింపు కావాలి. కాబట్టి రెండు కిలోలు, ఎనిమిదొందలు. అనుపాతం! అర్థమైందా?”

“అర్థమైంది మాస్టారూ.”

ఆ కొలతకే రేకు పనివాడితో టిన్ను చేయించాడు. మాస్టారి లెక్క తప్పే ప్రశ్నే లేదు. మరి పిండి ఏమైనట్టు?

ముందు కాటాను అనుమానించాడు. కాటా బాగానే ఉంది. తర్వాత పిండి వ్యాపారికి ఫోన్ చేశాడు.

“నీ పిండిలో బరువు లేదయ్యా!”

“బరువు లేకపోతే బస్తా గాల్లోకి ఎగరాలి కదా? నా సరుకుకు వంక పెట్టినవాడికి ఇక అరువు లేదు!” అని వ్యాపారి ఫోన్ పెట్టేశాడు.

చేసేది లేక రేపటి బ్రెడ్‌కు దాచిన పిండిని కలిపాడు. మొత్తం నాలుగు కిలోలైంది. టిన్ను సగానికొచ్చింది. అప్పుడు కనిపించాడు బావమరిది, మీసానికి పిండితో.

“దొరికావురా!”

“రుచి చూశాను బావా! ఒక్క చెంచా!”

“ఒక్క చెంచాకు నాలుగు కిలోలు మాయమవుతాయా?”

భార్య నడుం మీద చేతులు పెట్టుకుంది. “మా తమ్ముణ్ణి దొంగంటారా? సాయంత్రంలోగా వాడికి క్షమాపణ చెప్పండి. లేదంటే రేపట్నుంచి కౌంటర్లో మీరే కూర్చోండి. అరువు అడిగేవాళ్లందరికీ మీరే జవాబు చెప్పుకోండి.”

మొత్తం ఎనిమిది కిలోలు పోస్తే గానీ టిన్ను దారికి రాలేదు. షాపు తలుపుకు ‘బ్రెడ్ లేదు’ అన్న అట్ట వేలాడింది. కేకును ముగ్గురూ పెళ్లికూతుర్ని దింపినంత జాగ్రత్తగా సభకు దింపారు. బావమరిది ఖాళీ టిన్నులు రెండూ, కిలో కేకుల పాతదీ ఈ కొత్తదీ, చంకలో పెట్టుకొచ్చాడు. “నా పరువు ఇందులోనే ఉంది” అన్నాడు.

మాస్టారు మెడలో దండతో, మైకు ముందు ఎనిమిదొందలు లెక్కపెట్టి ఇచ్చారు.

బేకరీ యజమాని నోట్లు జేబులో పెట్టుకోకుండానే నసిగాడు. “మాస్టారూ... దీనికి ఎనిమిది కిలోలు పట్టిందండీ.”

“అసంభవం! మధ్యలో ఎవరో తినేసి ఉంటారు.”

హాలు మొత్తం బావమరిది మీసం వైపు చూసింది. అతను ఒక్క ఉదుటున లేచి, తాగే నీళ్ల డ్రమ్ము దగ్గర టిన్నులు రెండూ దించాడు.

“చిన్నదాంతో పెద్దదాన్ని నింపుతా. మీరే లెక్కపెట్టండి!”

పిల్లలు అందుకున్నారు. “ఒకటి! రెండు!”

“చాలు, నిండింది” అన్నారు మాస్టారు, చూడకుండానే.

“మూడు! నాలుగు!”

మాస్టారు వేదిక దిగారు. ఆరుకు కళ్లజోడు పెట్టుకున్నారు. ఎనిమిదికి నీళ్లు అంచు తాకి ఆయన బూటు మీద చిందాయి. పొడవుకు రెండు, వెడల్పుకు రెండు, ఎత్తుకు రెండు అని వేళ్లు మడిచి గొణుక్కుంటూ ఉండిపోయారు.

“ఇప్పుడు చెప్పండి క్షమాపణ!” అంది భార్య.

“తప్పైందిరా బావమరిదీ” అన్నాడు భర్త.

మాస్టారు తలెత్తారు. పాత గొంతు ఖంగుమంది. “ఈ లెక్క తప్పు చేసిందెవరు? బెంచీ ఎక్కాలి!”

బేకరీ యజమాని ఆలోచించకుండానే బెంచీ మీద కాలు పెట్టేశాడు.

“నువ్వు దిగరా.”

దండ సవరించుకుని, ఎవరి చెయ్యీ పట్టుకోకుండా మాస్టారే బెంచీ ఎక్కి నిలబడ్డారు. మైకు అందుకున్నారు.

“తప్పు చేసినవాడు లెక్కల మాస్టారు. బాకీ రెండు వేల నాలుగొందలు.”