చేతిలో ఒకటి

"మన పిల్లలు ఇక ఆలోచించరు" అని చదువుల మంత్రిగారు ప్రకటించగానే హాలంతా చప్పట్లతో మారుమోగింది. ఆయన చెయ్యెత్తి చప్పట్లు ఆపి, మిగతా వాక్యం పూర్తిచేశారు. "ఆగకుండా, తడుముకోకుండా లెక్కలు చేసేస్తారు. ఏ కూడికైనా ఆరే సెకన్లు. దీని పేరు గణిత ధారాళత ఉద్యమం."

వెనక వరుసలో లెక్కల మేడమ్ కూడా చప్పట్లు కొట్టింది. కొట్టనివాళ్ళ పేర్లు రాసుకోవడానికి ఒక గుమాస్తాను నిలబెట్టారు మరి. ఆమె రిటైర్మెంటుకు ఎనిమిది నెలలుంది. ముప్పై ఒక్క ఏళ్ళుగా మూడో తరగతికి కూడికలు నేర్పుతున్న మనిషి. పది పుల్లలు లెక్కపెట్టించి, రబ్బరు బ్యాండు వేయించి, "ఇవి ఇప్పుడు పది ఒకట్లు కావు, ఒక పది" అని పిల్లల నోటితోనే చెప్పించేదాకా వదిలేది కాదు. అర్థమయ్యాక వంద కూడికలు చేయించేది. ఆ వంద అయ్యేసరికి పిల్లల చేతులు వాటంతటవే నడిచేవి. ఇదంతా కలిపి రెండు నెలలు పట్టేది. ఉద్యమానికి అంత తీరిక లేదు.

వారం తిరక్కుండానే మంత్రిగారు ఆమె తరగతికి వచ్చారు. వెంట శాఖ కార్యదర్శి, ఆయన చేతిలో స్టాప్‌వాచ్, వెనక ఫొటోగ్రాఫర్లు. మేడమ్ రెండు జడల పిల్లను బోర్డు దగ్గరికి పిలిచింది. లెక్క తెచ్చిపెట్టుకున్నది కాదు. మూడో తరగతి ఏ సెక్షన్‌లో నలభై ఎనిమిది మంది, బీ సెక్షన్‌లో ముప్పై ఏడు మంది. మొత్తం ఎందరు?

ఆ పిల్ల గట్టిగా, ధైర్యంగా మొదలుపెట్టింది. "ఎనిమిదీ ఏడూ పదిహేను. ఐదు వేసి, చేతిలో ఒకటి."

మంత్రిగారి ముఖం మాడిపోయింది. శాఖ కొన్న బెంచీల్లో సగం ఎవరి చేతుల్లోకి పోయాయని పత్రికలు అడుగుతున్న రోజులవి.

"చేతిలో ఒకటేంటి? ఎవరు నేర్పారు నీకు?"

"మా మేడమ్ అండీ."

"ఎదురుగా ఉన్నదంతా బోర్డు మీద వెయ్యకుండా చేతిలో ఎందుకు పెట్టుకుంటున్నావు?"

మేడమ్ కలగజేసుకుంది. "అది నిజానికి ఒకటి కాదు సార్, పది. పదుల స్థానంలోకి వెళ్ళాలి కదా, అందాకా..."

"పది పెట్టుకుని ఒకటని చెబుతున్నారా? ఇంకా ఘోరం." మంత్రిగారు కార్యదర్శి వైపు తిరిగారు. "పసివాళ్ళకి ఇదా మనం నేర్పేది?"

కార్యదర్శి స్టాప్‌వాచ్ చూశాడు. "పైగా ఈ చేతిలో పెట్టుకోవడం దగ్గరే మూడు సెకన్లు పోతున్నాయి సార్."

ఆ సాయంత్రానికే మేడమ్‌కు మెమో, రాష్ట్రమంతటికీ సర్క్యులర్ వచ్చేశాయి. మంత్రిగారి చురుకుదనం అలాంటిది. ప్రభుత్వ పరిధిలో జరిగే ఏ కూడికలోనూ విద్యార్థిగానీ ఉద్యోగిగానీ ఏ అంకెనూ చేతిలో ఉంచుకోరాదు. మిగిలిన అంకెను 'చేతి అంకెల రిజిస్టరు'లో రాసి శాఖకు అప్పగించాలి. తిరిగి కావాలంటే దరఖాస్తు చేసుకోవాలి. మంత్రిగారు స్వయంగా సంతకం పెడితేనే విడుదల, అదీ వరుస క్రమంలో.

ఫలితం అద్భుతం. ఆరు సెకన్లు అనుకున్న కూడిక మూడు సెకన్లకు దిగింది. నలభై ఎనిమిదీ ముప్పై ఏడూ ఎంతంటే పిల్లలు కళ్ళు మూసుకుని డెబ్బై ఐదు అనేవారు. రెండు జడల పిల్ల మాత్రం రెండు నెలలు కష్టపడి నేర్చుకున్నది మరచిపోలేక ప్రతిసారీ ఆగిపోయేది. తరగతిలో అందరికన్నా వెనకబడిన పిల్లగా ఆమెను రికార్డు చేశారు. ఆ రికార్డు మీద సంతకం పెట్టాల్సింది మేడమే.

"ఏవండీ, రాజీనామా చేసేస్తాను" అంది ఇంటికొచ్చి.

వాచీలు బాగుచేసే భర్త కంటికి పెట్టుకున్న అద్దం తియ్యకుండానే అన్నాడు. "ఎనిమిది నెలలు ఓపిక పట్టవే. వాళ్ళు చెప్పింది చెప్పినట్టు చెయ్యి. ఒక్క అక్షరం కూడా తేడా రానివ్వకు."

ఆమె ఓపిక పట్టింది, వార్షిక పరీక్ష ప్రశ్నపత్రాలు వచ్చేదాకా. మూడో తరగతికి డెబ్బై ఐదే వచ్చాయి. హాజరు పట్టీలో చివరి పది మందికి లేవు. ఆ పదిలో రెండు జడల పిల్ల ఉంది. పరీక్ష రాయనివాళ్ళు మళ్ళీ అదే తరగతి చదవాలి.

మేడమ్ పరుగున కార్యదర్శి దగ్గరికి వెళ్ళింది.

"పది మంది పిల్లలు లెక్కలోంచి పోయారు సార్."

"ఎక్కడికి పోతారమ్మా? భద్రంగా రిజిస్టరులో ఉన్నారు" అంటూ ఆయన పేజీ తీసి చూపించాడు. అక్కడ ఒకటి అని ఉంది. "దరఖాస్తు ఇచ్చి వెళ్ళండి. మీదే మొదటిది. అయితే మంత్రిగారు ఎన్నికల హడావిడిలో ఉన్నారు."

మొదటి నంబరు వేసిన ఆ దరఖాస్తు ఎన్నికలంతా ఫైల్లోనే ఉంది. మేడమ్ నకలు చేతిసంచిలో పెట్టుకుని తిరిగింది. ఓట్ల లెక్కింపు డ్యూటీకి కూడా అదే సంచితో వెళ్ళింది. ఇంకో నాలుగు రోజుల్లో పరీక్ష.

మధ్యాహ్నానికి మంత్రిగారూ ఆయన ప్రత్యర్థీ సరిసమానంగా ఉన్నారు. మేడమ్ బల్ల మీద మూడు పెట్టెలు మిగిలాయి. మంత్రిగారు కుర్చీ లాక్కుని ఆమె పక్కనే కూర్చున్నారు. ఆయనకు మూడు వందల ఎనభై ఎనిమిది, రెండు వందల తొంభై ఏడు, మూడు వందల డెబ్బై తొమ్మిది. ప్రత్యర్థికి మూడు వందల పది, మూడు వందల రెండు, మూడు వందల ఇరవై ఒకటి. మూడింట రెండు పెట్టెల్లో మంత్రిగారిదే భారీ పైచేయి కాబట్టి దండలు లోపలికి తెచ్చేశారు.

మేడమ్ కూడింది. మూడు సెకన్లు కూడా పట్టలేదు. ప్రత్యర్థికి తొమ్మిది వందల ముప్పై మూడు. మంత్రిగారికి ఎనిమిది వందల నలభై నాలుగు.

మంత్రిగారు కాగితం లాక్కున్నారు. పెదవులు కదుపుతూ, వేళ్ళు ముడుస్తూ కూడటం మొదలుపెట్టారు. "ఎనిమిదీ ఏడూ పదిహేను, తొమ్మిది ఇరవై నాలుగు. నాలుగు వేసి..." ఆగి, చుట్టూ చూసి, గొంతు తగ్గించారు. "చేతిలో రెండు. ఆ రెండు ఏదమ్మా?"

"శాఖకు అప్పగించాం సార్" అంది మేడమ్, రిజిస్టరు తెరిచి చూపిస్తూ. "పదుల స్థానంలో వచ్చిన రెండు కూడా రాశాం."

"నేను గెలిచాను. ఆ రెండూ తెచ్చి కలపండి."

"తప్పకుండా సార్. దరఖాస్తు ఇవ్వండి. మీది రెండోది." ఆమె సంచిలోంచి నకలు తీసి బల్ల మీద పరిచింది. "మొదటిది మా పది మంది పిల్లలది. దాని మీద సంతకం అయ్యాకే మీది."

మంత్రిగారు పెన్ను తీశారు. లెక్కింపు అధికారి ఎంతో వినయంగా ఆ కాగితం మీద చెయ్యి అడ్డం పెట్టాడు.

"క్షమించాలి సార్. దీని మీద మంత్రిగారి సంతకం ఉండాలి. ఈ కూడిక ప్రకారం మీరు ఓడిపోయారు."

"కూడిక తప్పయ్యా."

"ఆ మాట మంత్రిగారు రాసిస్తే సరిదిద్దుతాం సార్."

మేడమ్ నకలు మడిచి మళ్ళీ సంచిలో పెట్టుకుంది. మంత్రిగారి రెండు వేళ్ళు ఇంకా ముడుచుకునే ఉన్నాయి. వాటిని విప్పాలో వద్దో తెలియక, ఆయన కార్యదర్శి కోసం చూశారు. కార్యదర్శి దండ పట్టుకుని ప్రత్యర్థి ఇంటికి బయల్దేరి అప్పటికే ఆరు సెకన్లయింది.