కొవ్వొత్తికి పర్మిట్

మానవుడు నిప్పు కనిపెట్టి లక్షల ఏళ్ళయింది. కానీ ఆ నిప్పు వెలిగించే ముందు మూడు కాపీల్లో దరఖాస్తు పెట్టుకోవాలని కనిపెట్టిన ఘనత మాత్రం మా దువ్వాడ కాలనీదే. చరిత్ర దీన్ని ఇంకా గుర్తించలేదంటే అది చరిత్ర చేసుకున్న పాపం.

మా మిత్రుడు మోహనకృష్ణ ఉక్కు ఫ్యాక్టరీ సేఫ్టీ విభాగంలో ముప్పై నాలుగేళ్ళు పనిచేసి రిటైరయ్యాడు. (రిటైరయింది ఆయన, సేఫ్టీ కాదు.) ఆయన కూతురు యశస్విని పెళ్ళి రిసెప్షన్ రుషికొండలో, సముద్రం ఒడ్డున నలభై గుండ్రటి టేబుళ్ళు వేసి చేద్దామనుకున్నారు. ముహూర్తం పంతులుగారు పెట్టారు. చీరలు మేనత్తలు కొన్నారు. వంటలు పెదనాన్నలు తేల్చారు. పిల్ల అడిగింది ఒక్కటే.

"నాన్నా, మిగతావన్నీ మీ ఇష్టం. టేబుల్ మధ్యలో పెట్టే కొవ్వొత్తి ఒక్కటీ నా ఇష్టం."

ఆమె ఎంచుకున్నది మామూలు గాజుగ్లాసులో పోసిన తేనెరంగు కొవ్వొత్తి. చిన్నప్పుడు తుఫానుకి వారం రోజులు కరెంటు పోతే, అలాంటి గ్లాసు చుట్టూ ఇంటిల్లిపాదీ కూర్చుని భోంచేశారట. అంత సంతోషంగా మళ్ళీ ఎప్పుడూ తినలేదంది. మోహనకృష్ణకు కళ్ళనీళ్ళు తిరిగాయి. కళ్ళు తుడుచుకుని కమిటీ వేశాడు.

కొవ్వొత్తుల ఎంపిక సంఘానికి అధ్యక్షుడు ఆయన, సభ్యురాలు ఆయన అక్క భ్రమరాంబ, కార్యదర్శిని నేను. పెళ్ళికూతురు ప్రత్యేక ఆహ్వానితురాలు (మాట్లాడవచ్చు, మినిట్స్ పుస్తకంలోకి ఎక్కదు).

మొదటి సమావేశంలోనే మోహనకృష్ణ నిబంధన చదివాడు. మంట ఉన్న ప్రతిచోటా పర్మిట్ ఉండాలి, పక్కన ఇసుక బకెట్‌తో ఒక కాపలా మనిషి ఉండాలి. నలభై టేబుళ్ళకు నలభై మంది. వాళ్ళకూ భోజనం పెట్టాలి గనుక ఇంకో ఐదు టేబుళ్ళు. ఆ టేబుళ్ళకూ కొవ్వొత్తులు, ఆ కొవ్వొత్తులకూ కాపలా. ఈ చిక్కుముడి విప్పడానికి రెండు సమావేశాలు పట్టాయి. ఆఖరి కాపలా మనిషి చీకట్లో నిలబడి తినాలని తీర్మానించాం.

నమూనా కోసం వన్ టౌన్ వెళ్ళాం. అక్కడ హోల్‌సేల్ కొట్టు నడిపే తాతబాబును మోహనకృష్ణ టెస్ట్ సర్టిఫికెట్ అడిగాడు.

"కొవ్వొత్తికి సర్టిఫికెట్టేటి బావా? ముట్టిత్తే ఎలుగుతాది, ఒగ్గేత్తే కరుగుతాది. ముప్పయ్యేళ్ళ నుంచి నాను అమ్మతన్నాను, ఇంతవరకూ ఒక్కడు అడగనేదు."

"అదీ ప్రమాదం," అంటూ మోహనకృష్ణ డైరీలో రాసుకున్నాడు.

పరీక్ష మోహనకృష్ణ ఇంటి హాల్లోనే జరిగింది. సముద్రపు గాలికి బదులు టేబుల్ ఫ్యాను. ఒకటో నంబరుకి కొవ్వొత్తి తలూపింది. రెండుకి తట్టుకుంది. మూడు పెట్టగానే కొండెక్కింది.

భ్రమరాంబ గుండెలు బాదుకుంది. "అయ్యో అయ్యో! శుభమా అంటూ పెళ్ళి చేస్తుంటే దీపం కొండెక్కడమేంట్రా తమ్ముడూ! మగపెళ్ళివాళ్ళ ముందు తలెలా ఎత్తుకుంటాం?"

"కొంచెం ఎత్తు గ్లాసు తీసుకుంటే సరిపోతుంది అత్తయ్యా," అంది యశస్విని. (పుస్తకంలోకి ఎక్కలేదు.)

ఆరో సమావేశంలో బ్యాటరీ కొవ్వొత్తి ఏకగ్రీవంగా నెగ్గింది. ప్లాస్టిక్కుది. మంట లేదు కాబట్టి పర్మిట్ అక్కర్లేదు, కాపలా అక్కర్లేదు, కొండెక్కే ప్రసక్తే లేదు. స్విచ్ నొక్కితే గాలి లేకపోయినా బుద్ధిగా వణుకుతుంది. యశస్విని దాన్ని అరచేతిలో పెట్టుకుని చాలాసేపు చూసింది. పాపం, ఏడుస్తుందేమోనని కంగారుపడ్డాను. (ఏడిస్తే ఏ అంశం కింద నమోదు చేయాలో కూడా తెలియదు.) ఏడవలేదు.

"అధ్యక్షులవారి అనుమతితో ఒక ప్రశ్న," అంది. "నాగవంశీకి కూడా మూడో నంబరు ఫ్యాను పెట్టి చూశారా?"

నాగవంశీ అంటే పెళ్ళికొడుకు.

మోహనకృష్ణ కళ్ళజోడు తీసి, తుడిచి, మళ్ళీ పెట్టుకున్నాడు. "వాళ్ళ నాన్న జగ్గారావుది మా డిపార్ట్‌మెంటే కదమ్మా. తెలిసిన సప్లయర్‌కి ఇన్‌స్పెక్షన్ మినహాయింపు ఉంటుంది."

"మరి ఎంతసేపు చూశారు నాన్నా?"

"కాఫీ తాగినంతసేపు," అన్నాడు. అబద్ధమాడే అలవాటు లేని మనిషి కాబట్టి, "పెసరట్టు కూడా తిన్నాంలే," అని కలిపాడు.

నిబంధన ప్రకారం అంతా సక్రమంగానే ఉంది గనుక ముగ్గురం సంతకాలు పెట్టాం. బ్యాటరీ కొవ్వొత్తులు నచ్చకపోతే పెళ్ళయిన వారంలోగా వెనక్కి తీసుకుంటానని తాతబాబు రాసిచ్చాడు.